ప్రళయకావేరి తీరమున సూళ్లూరుపేట

నెల్లూరు నుండి చెన్నపట్టణమునకు పోవు రైలుబండి దారిలో సూళ్లూరుపేట అను చిన్న పట్టణము కలదు. బండి అక్కడ కొద్ది నిమిషములు మాత్రమే నిలుచును. ప్రయాణికులలో పలువురు స్టేషను పలకమీద ఊరిపేరు చదివి, మరల తమ మాటలలో పడిపోవుదురు. ఆ కొద్ది నిమిషములలో వారికి ఊరి గొప్పతనము కనబడదు. ఆకాశము నంటు గోపురములు గాని, రాజుల కోటలు గాని అక్కడ లేవు. కాని బండి దిగి, తూర్పుగా పోవు బాటపట్టి కొంతదూరము నడచినచో, కనుచూపుమేర పరచుకొన్న నీరు కనబడును. ఆ నీటి కథయే ఈ ఊరి కథ.

సూళ్లూరుపేట కాళంగి నది ఒడ్డున ఉన్నది. ఇది నెల్లూరికి దక్షిణముగా సుమారు 100 కిలోమీటర్ల దూరమునను, చెన్నపట్టణమునకు ఉత్తరముగా సుమారు 80 కిలోమీటర్ల దూరమునను కలదు. చిరకాలము నెల్లూరు జిల్లాలో ఉండిన ఈ పట్టణము 2022లో జరిగిన జిల్లాల పునర్విభజనలో తిరుపతి జిల్లాలో చేర్చబడినది. అయినను ఇచ్చటి పలుకుబడియు, పంటలును, జనుల రాకపోకలును నెల్లూరి తీరమును తలపించుచునే ఉన్నవి. తమిళదేశపు సరిహద్దు చేరువలో ఉండుటచేత అంగడివీథిలో రెండు భాషలును వినబడుచుండును.

కాళంగి గట్టున చెంగాళమ్మ పరమేశ్వరి ఆలయము కలదు. గ్రామదేవతగా ఆమెకు ఈ ప్రాంతమున మిక్కిలి ప్రసిద్ధి. 'సుళ్లు' అను ఉత్సవమును బట్టియే ఊరికి సూళ్లూరు అను పేరు వచ్చినదని పెద్దలు చెప్పుదురు. ఈ గుడికి తలుపులు లేకపోవుట ఒక వింత. ఒకప్పుడు దొంగల భయముచేత ఊరివారు తలుపు చేయించుటకు కొయ్య తెప్పించిరనియు, తన గుడికి తలుపు పనికిరాదని అమ్మవారు కలలో కనబడి చెప్పెననియు, బయట విడిచిన ఆ కొయ్య చిగిర్చి చెట్టయ్యెననియు ఒక కథ వాడుకలో ఉన్నది. పగలనక రాత్రియనక ఎవరు వచ్చినను దర్శనము దొరకవలెనను భావము ఆ కథలో ఇమిడియున్నది.

ఇక సరస్సు సంగతి. దీనిని పటములలో పులికాట్ సరస్సు అని వ్రాయుదురు. తీరవాసులైన తెలుగువారు ప్రళయకావేరి అనియు వ్యవహరింతురు. సరస్సు దక్షిణపు కొనయందున్న పళవేర్కాడు అను ఊరి పేరే ఐరోపావారి నోట పులికాట్ అయ్యెను. మన దేశములోని ఉప్పునీటి సరస్సులలో ఒరిస్సాలోని చిలకా సరస్సు మొదటిది, ప్రళయకావేరి రెండవది. ఇది ఉత్తర దక్షిణములుగా సుమారు 60 కిలోమీటర్లు వ్యాపించియున్నది. ఇందులో అధికభాగము ఆంధ్రప్రదేశములోను, దక్షిణభాగము తమిళనాడులోను ఉన్నవి.

ఇంత పెద్ద సరస్సు ఎట్లు ఏర్పడినది? సముద్రపు అలలును, తీరము వెంట పారు ప్రవాహములును ఇసుకను మోసికొని వచ్చి ఒకచోట పోయుచుండును. అట్లు వేల సంవత్సరములు పోసిన ఇసుక, తీరమునకు ఎదురుగా పొడవైన గట్టువలె లేచినది. ఆ ఇసుకగట్టే శ్రీహరికోట దీవి. దానికి తూర్పున బంగాళాఖాతము. పడమర, దీవికిని నేలకును నడుమ చిక్కిన నీరే ప్రళయకావేరి. సముద్రముతో దీని సంబంధము పూర్తిగా తెగిపోలేదు. గట్టులో అక్కడక్కడ మొగలు కలవు. ఆ మొగల గుండ సముద్రపు పోటునీరు లోనికి వచ్చును. సరస్సునీరు వెలుపలికి పోవును. నేలవైపు నుండి కాళంగి, ఆరణి మున్నగు నదులు మంచినీటిని తెచ్చి ఇందులో పోయుచుండును.

కావున ఈ సరస్సు నీటి రుచి ఏడాది పొడవున ఒక్కతీరుగ ఉండదు. నెల్లూరు తీరమునకు ఎక్కువ వాన ఈశాన్య ఋతుపవనముల వలన కలుగును. అక్టోబరు మొదలు డిసెంబరు వరకు నదులు పొంగినప్పుడు సరస్సులో పలుచోట్ల నీరు చప్పబడును. వేసవిలో నదులెండి, ఎండకు నీరు ఆవిరియైపోగా, మిగిలిన నీరు కొన్నిచోట్ల సముద్రపు నీటికన్నను ఉప్పనగును. లోతు మాత్రము చాల తక్కువ. పెక్కుచోట్ల మనిషి దిగి నడువవచ్చును. లోతులేని నీరు ఎందుకు పనికివచ్చునని మీరు అనుకొనవచ్చును. ఈ సరస్సు సంపదకు ముఖ్యకారణము ఆ లోతులేమియే. సూర్యకాంతి అడుగువరకు దిగును. అందుచేత నాచును, నీటిమొక్కలును ఏపుగా పెరుగును. వానిని తిని సూక్ష్మజీవులును, పురుగులును వృద్ధియగును. వానిని తిని చేపలును, రొయ్యలును బ్రతుకును.

రొయ్య కథను వినుడు. తల్లిరొయ్యలు సముద్రములో గ్రుడ్లు పెట్టును. ఆ గ్రుడ్లనుండి వెలువడిన పిల్లలు కంటికి కనబడనంత చిన్నవి. అవి పోటునీటితో కలిసి మొగగుండ సరస్సులోనికి వచ్చును. సముద్రపు అలల తాకిడిలేని ఈ నిలకడనీటిలో, దొరకిన ఆహారమును తినుచు కొన్ని నెలలు పెరుగును. పెరిగిన పిదప గ్రుడ్లు పెట్టుటకై మరల మొగగుండ సముద్రమునకు పోవును. అనేకజాతుల చేపలకును ఇదియే త్రోవ. కాబట్టి మొగ తెరచియున్నంతకాలమే సరస్సులో సంపద. మొగ పూడినచో వచ్చు పిల్లలు రావు, పెరిగినవి పోలేవు. చెంగాళమ్మ గుడివలెనే ఈ సరస్సునకును తలుపు మూయరాదు.

ఈ సంపదమీద వేలకొలది మత్స్యకార కుటుంబములు ఆధారపడియున్నవి. సరస్సులో నీటిమీదికి లేచియున్న మెరకలను ఇచ్చటివారు తిప్పలందురు. సూళ్లూరుపేట నుండి శ్రీహరికోటకు పోవు దారిలోని అటకానితిప్ప అట్టిదే. వేనాడు, ఇరకము అనునవి సరస్సులోని జనావాసములు గల దీవులు. వేనాడులో ఒక దర్గా కలదు. అన్ని మతములవారు అక్కడికి పోయి మ్రొక్కులు చెల్లింతురు. ఇరకము దీవివారికి పడవయే బండి. అంగడికి పోవలెనన్నను, వైద్యుని చూడవలెనన్నను వారు ముందుగా గాలిని, నీటిని చూచుకొనవలసినదే.

సరస్సు దక్షిణభాగమునందలి కొన్ని గ్రామములలో 'పాడు' అను పాత కట్టుబాటు కలదు. చేప బాగుగ పడుచోట్లను గుర్తించి, ఏ రోజున ఎవరు ఎచ్చట వల వేయవలెనో వంతులవారీగ నిర్ణయించుకొందురు. బలవంతుడు మంచిచోటునెల్ల ఆక్రమించుకొనకుండ, బలహీనునకును ఒకనాడు మంచివేట దొరకునట్లు చేసిన ఏర్పాటిది. అయితే వంతు లేని కుటుంబములకు ఇందులో చోటు దొరకుట కష్టము. అందువలన తగవులును పుట్టుచుండును. చేప తగ్గినకొలది తగవు పెరుగును. అందరికి చాలునంత ఉన్నప్పుడే పంపకము సులభమని దీనివలన తెలియుచున్నది.

మనుష్యులే గాక పక్షులును ఈ సరస్సును వెదకికొని వచ్చుచున్నవి. వానలు మొదలైన పిమ్మట ఫ్లెమింగోలు గుంపులు గుంపులుగ దిగును. వీనిని రాజహంసలని కూడ పిలుచుచున్నారు. పొడవైన సన్నని కాళ్లు, వంపు తిరిగిన మెడ, రెక్కలలో లేతగులాబి వన్నె వీని లక్షణములు. కచ్ఛదేశపు ఉప్పునేలలు మన దేశమున వీని ప్రధానమైన సంతానస్థలము. ఈ పక్షి మేయు విధము చూడదగినది. మెడ వంచి, ముక్కును తలక్రిందుగా నీటిలో ఉంచి, నాలుకతో బురదనీటిని లోనికి పీల్చి వెలుపలికి త్రోయుచుండును. ముక్కు అంచులలోని సన్నని పళ్లెముల వంటి వరుసలు జల్లెడవలె పనిచేసి, ఆహారమును లోపల నిలుపును. నాచులోను, చిన్న రొయ్యజాతి ప్రాణులలోను ఉండు ఒకవిధమైన రంగుపదార్థమే దాని రెక్కలకు గులాబిరంగును కలిగించును. సరస్సు తన రంగును పక్షికి ఇచ్చుచున్నదని చెప్పినను తప్పులేదు.

సూళ్లూరుపేటకు ఉత్తరముగా దొరవారిసత్రము చెంత నేలపట్టు అను గ్రామము కలదు. అక్కడి చెరువులో, నీట నిలిచియుండు కడపచెట్లమీద గూడబాతులు గూళ్లు కట్టును. వీని ముక్కు క్రింద పెద్దసంచి వంటిది వ్రేలాడుచుండును. తల్లిపక్షులు ప్రళయకావేరికి ఎగిరిపోయి, చేపలను పట్టుకొని వచ్చి పిల్లలకు మేపును. చెరువు ఇల్లు, సరస్సు వంటశాల. ఎర్రకాళ్లకొంగలు, నత్తగుల్లకొంగలు, నీటికాకులు మొదలగునవియు అక్కడ చేరును. 1976లో ప్రభుత్వము నేలపట్టును, పులికాట్ సరస్సును పక్షిరక్షణ కేంద్రములుగా ప్రకటించినది. అంతకు చాలకాలము ముందునుండియు గ్రామస్థులు ఆ పక్షులను కాపాడుచునే ఉండిరి. పక్షులు వచ్చిన ఏడు వానలు కురిసి పంటలు పండునని వారి నమ్మిక. ఆ నమ్మికకు తోడు ఒక ప్రత్యక్షలాభమును కలదు. చెట్లక్రింద రాలిన రెట్టలు చెరువునీటిలో కలియును. ఆ నీరు పారిన పొలమునకు ఎరువు కలిసివచ్చును. పక్షిని కాచిన రైతు తన పైరును కాచుకొన్నవాడే యగుచున్నాడు. ఈ శతాబ్ది ఆరంభమునుండి సూళ్లూరుపేటలో ఫ్లెమింగో పండుగ అను పేర ఒక పక్షుల పండుగను జరుపుట మొదలైనది.

ఇంతటి సంపద గల తీరము విదేశీయుల కంట బడకుండునా? 17వ శతాబ్ది ఆరంభమున హాలెండు దేశపు వర్తకులైన డచ్చివారు పళవేర్కాడున దిగిరి. 1613లో అక్కడ గెల్డ్రియా అను కోటను నిర్మించిరి. 1690లో నాగపట్టణమునకు తమ ముఖ్యస్థానమును మార్చుకొనువరకు, కోరమండల తీరమున వారి వ్యాపారమునకెల్ల ఆ చిన్న ఊరే రాజధాని. అక్కడినుండి నేతబట్టలు తూర్పుదీవులకు ఓడలలో పోయెడివి. నేటికిని మలయాదేశమున గళ్ల లుంగీని 'పెలికాట్' అని పిలుచుదురు. అది ఈ సరస్సు తీరపు ఊరి పేరే. కాని ఆ ఓడలలో బట్టలు మాత్రమే పోలేదు. కరవుచేతను, యుద్ధములచేతను దిక్కులేనివారైన మనుష్యులను కూడ కొని, బానిసలుగ ఎగుమతి చేసిరి. కోట నేడు శిథిలమైనది. చెక్కడపు పనితో, డచ్చిభాషలో వ్రాతలతో ఉన్న సమాధులు మాత్రము ఆ కాలమునకు సాక్షులుగ నిలిచియున్నవి.

సరస్సు ఉత్తరపు కొనయందు దుగరాజపట్టణము అను ఊరు కలదు. 1626లో ఆంగ్లేయుల ఈస్టిండియా కంపెనీవారు ఇక్కడ వర్తకస్థానము నేర్పరచి, కోట కట్టుకొనిరి. తమకు సహాయపడిన ఆరుముగ మొదలియారు అను స్థానికుని పేరుమీద దానిని వారు ఆర్మగాన్ అని పిలిచిరని ప్రతీతి. అక్కడ వారి వ్యాపారము ఆశించినట్లు సాగలేదు. దక్షిణమున ఉన్న డచ్చివారు బలవంతులు. కావలసిన బట్టయు చాలినంత దొరకలేదు. అప్పుడు ఆర్మగాన్ అధికారియైన ఫ్రాన్సిస్ డే మంచిచోటు వెదకుచు దక్షిణముగా పోయెను. 1639లో దామర్ల వేంకటాద్రి నాయకుని వలన ఒక ఇసుకతీరమును పొందెను. మరుసటి ఏట కంపెనీవారు అక్కడికి తరలిపోయిరి. వేంకటాద్రి నాయకుని తండ్రియైన చెన్నప్పనాయకుని పేర అది చెన్నపట్టణమయ్యెను. దుగరాజపట్టణమున వ్యాపారము సాగియున్నచో, ఆ మహానగరము ప్రళయకావేరి గట్టుననే వెలసియుండెడిదేమో!

తరువాతి కాలమున చెన్నపట్టణమునకును ఈ సరస్సునకును సంబంధము తెగలేదు. 19వ శతాబ్దిలో తీరము వెంట త్రవ్విన బకింగ్‌హాము కాలువ ప్రళయకావేరి గుండ ఉత్తరమునకు సాగినది. తెరచాప పడవలు ధాన్యమును, ఉప్పును, వంటచెరకును ఆ దారిని పట్టణమునకు చేరవేసెడివి. శ్రీహరికోట అడవి కట్టెలు పట్టణపు పొయ్యిలలో మండినవి. పిమ్మట రైలుబండియు, మోటారులారీయు వచ్చినవి. తుపానులకు గట్లు తెగినవి. కాలువ పూడి పడవల రాకపోకలు నిలిచిపోయినవి.

ఆ శ్రీహరికోట అడవి నిర్జనమైనది కాదు. తరతరములుగ యానాదులు అందులో నివసించుచుండిరి. 1835లో కంపెనీ ప్రభుత్వము దీవిని స్వాధీనము చేసికొన్ననాటికే వారక్కడ ఉండిరి. తేనె, దుంపలు, మూలికలు సేకరించుట, చేపలు పట్టుట వారి జీవనము. ఏ వేరు ఏ రోగమునకు పనికివచ్చునో వారికి కరతలామలకము. నెల్లూరు సీమకు చెందిన వెన్నెలకంటి రాఘవయ్యగారు యానాదుల ఉద్ధరణకై జీవితమంతయు పాటుపడి, వారి చరిత్రను గ్రంథముగ వ్రాసిరి.

1969లో దీవి చరిత్ర మరల మారినది. ఉపగ్రహములను ఆకాశమునకు పంపుటకు తగిన స్థలముగా శ్రీహరికోట ఎన్నికైనది. ఎందుచేత? భూమి పడమరనుండి తూర్పునకు తిరుగుచున్నది. భూమధ్యరేఖ కడ ఆ వేగము గంటకు సుమారు 1,670 కిలోమీటర్లు. తూర్పుదిక్కుగా ప్రయోగించిన రాకెట్టునకు ఈ వేగము ఉచితముగ లభించును. భూమధ్యరేఖకు దగ్గరగ ఉన్నకొలది లాభము ఎక్కువ. రాకెట్టునుండి విడివడిన భాగములు జనులమీద పడకుండ తూర్పున విశాలమైన సముద్రముండవలెను. చుట్టును జనావాసములు పలుచగ ఉండవలెను. ఈ లక్షణములన్నియు శ్రీహరికోటలో కుదిరినవి. ఒకనాడు అలలు పోసిన ఇసుకగట్టు ఈ విధముగ నక్షత్రలోకమునకు మెట్టు అయ్యెను. కాని ఆ మెట్టు కట్టుటకై దీవిలోని గ్రామములవారు తమ ఊళ్లను విడిచిపోవలసివచ్చినది. దేశమునకు కలిగిన కీర్తిని తలచునప్పుడు వారి త్యాగమును కూడ మనము తలచుట న్యాయము.

1971 అక్టోబరు 9వ తేదీన ఇచ్చటినుండి మొదటి చిన్న రాకెట్టు ఎగిరినది. 1979 ఆగస్టు 10వ తేదీన ఉపగ్రహముతో ఎగిరిన ఎస్.ఎల్.వి.-3 రాకెట్టు కొద్ది నిమిషములలోనే సముద్రము పాలైనది. ఆ ప్రయత్నమునకు నాయకుడు అబ్దుల్ కలాము. సంస్థకు అధ్యక్షుడు సతీష్ ధవన్. ఆనాడు పత్రికలవారి ప్రశ్నలకు ధవన్‌గారే ముందునకు వచ్చి, అపజయమును తనమీద వేసికొనిరి. 1980 జూలై 18వ తేదీన అదే రాకెట్టు రోహిణి ఉపగ్రహమును కక్ష్యలో నిలిపినప్పుడు, మాటలాడుమని కలాముగారిని ముందునకు పంపిరి. ఈ సంగతిని కలాముగారే తరువాత పలుమారులు చెప్పియుండిరి. 2002లో ఆ కేంద్రమునకు సతీష్ ధవన్ పేరు పెట్టుట ఎంతయు తగియున్నది. 2008లో చంద్రయానము, 2013లో మంగళయానము, 2023లో చంద్రుని దక్షిణధ్రువ ప్రాంతమున దిగిన చంద్రయానము-3 ఈ ఇసుకగట్టునుండియే బయలుదేరినవి. ప్రయోగమునకు ముందు శాస్త్రజ్ఞులు చెంగాళమ్మను దర్శించుట ఒక ఆనవాయితీగ వచ్చుచున్నది.

సూళ్లూరుపేట నుండి శ్రీహరికోటకు పోవు బాట సుమారు 18 కిలోమీటర్లు. అందులో చాలభాగము సరస్సు మధ్యగా వేసిన కట్టమీద సాగును. ఇరువైపుల నీరు, నీటిలో పక్షులు, ఎదుట దీవి. అది కనులపండువైన ప్రయాణము. కాని ఆ కట్టయే సరస్సునకు ఒక చిక్కును తెచ్చినది. దానికి ఉత్తరమునను దక్షిణమునను ఉన్న నీరు మునుపటివలె స్వేచ్ఛగ కలియజాలకున్నది. ఉత్తరభాగము వేసవిలో త్వరగా ఎండి బయలగుచున్నది. మొగలలో అలలు ఇసుకను పోయుచుండుటచేత అవి మాటిమాటికి పూడుచున్నవి. నదులు తెచ్చు ఒండ్రు అడుగున చేరుచున్నది. ఇవి ఇట్లే సాగినచో లోతులేని సరస్సు నీరులేని సరస్సుగ మారవచ్చును. మొగల పూడిక తీయుమని మత్స్యకారులు పలుమారులు కోరుచు వచ్చుట ఇందుచేతనే. రొయ్యపిల్లకు దారి మూసినచో జాలరి వల ఖాళీ. చేప లేనిచో గూడబాతు రాదు. గూడబాతు రానిచో నేలపట్టు చెరువునీటిలో ఎరువు లేదు. ఒక మొగలోని ఇసుక ఇన్ని ఇండ్ల పొయ్యిలను ఆర్పగలదు.

విద్యార్థులారా! వీలైనచో చలికాలమున సూళ్లూరుపేటకు పోయి రండు. ఉదయమున నేలపట్టు చెరువుగట్టున గూళ్లలోని పిల్లలకు గూడబాతులు మేత పెట్టుట చూడుడు. పక్షుల దగ్గరకు పోయి కేకలు వేయకుడు. బెదరిన తల్లి గూడు విడిచినచో పిల్ల ఎండకు చచ్చును. సాయంకాలమున అటకానితిప్ప కడ నిలిచి, గులాబిరంగు రెక్కలు వరుసగా లేచుట చూడుడు. ఆ పక్షులకు ఆవల, దీవిలో, చంద్రునికి దారి తీసిన ప్రయోగశాల కలదు. ఈవల, నీటిలో, వల భుజాన వేసికొని జాలరి ఇంటికి మరలుచుండును. చంద్రుని చేరుటకు మార్గము కనుగొన్న మనము, ఈ సరస్సు సముద్రమును చేరు మార్గమును కాపాడుకొనలేమా? ఆ భారము రేపటి పౌరులైన మీమీదను కలదు.